పక్కింటివాళ్లు అంటించిన ఎర్ర కాగితం

యీషున్, సింగపూర్, 12-8-2000

చి.సౌ. శేషారత్నానికి అక్క దీవెనలు. ఇక్కడ అందరం కులాసా. మన స్వర్ణకి ఎనిమిదో నెల నడుస్తోంది.

నిన్న పొద్దున తలుపు తీస్తే గుమ్మం పక్కన అరచేయంత ఎర్ర కాగితం అంటించి ఉంది. కడుపుతో ఉన్న పిల్లకి ఎవరేం చేశారోనని దడ పుట్టి చింపేశాను. కంప్యూటర్ ఆఫీసుకి వెళ్లబోతూ అల్లుడు చూసి, "అయ్యో అత్తయ్యగారూ, పక్కింటి చైనా తాతగారు పోయారండీ. ఆ కీడు మనకి తగలకూడదని వాళ్లే అంటించారు" అన్నాడు. తమ ఇంట్లో శవం ఉండగా పొరుగింటి మంచి చూసేవాళ్లని నువ్వెక్కడైనా చూశావా? వెళ్లి చింపిన కాగితం చూపించి, ఇంకోటి కావాలని సైగలతో అడిగాను. ఆ తాతగారి భార్య కళ్లు తుడుచుకుంటూ వచ్చి ఇంకోటి అంటించి వెళ్లింది.

శొంఠి, వాము, మెత్తటి పాత చీరలు ఎవరైనా వస్తుంటే పంపు. నీ మోకాలి నొప్పి ఎలా ఉంది? గ్యాసు కట్టేసి పడుకుంటున్నావా?

శవాన్ని తీసుకెళ్లాక కాగితాలు వాళ్లే తీసేస్తారట. పురుడయ్యేదాకా మాది ఉంచమని అడిగితే తప్పా? నీ జవాబు అందేసరికి ఎలాగూ అడిగేసి ఉంటాను. మరిదిగారికి నమస్కారాలు, పిల్లలకి ముద్దులు.

మీ అక్క
రాజ్యం