మల్లేశన్న నన్ను కౌన్సిలర్ అన్నాడు

శుక్రవారం, రాత్రి

మణికట్టు వాచింది. అక్షరాలు వంకరపోతున్నాయి, పోనీ.

వార్డు ఆడవాళ్లకు రిజర్వు అయిందని నన్ను నిలబెట్టి గెలిపించాడు మా ఆయన. ఆ రోజు నుంచి ఇబ్రహీంపట్నంలో కౌన్సిలర్ అంటే ఆయనే. మీటింగులో నా కుర్చీ కూడా ఆయనదే. ఇప్పుడు జిల్లా నాయకుడు, రేపో మాపో ఎమ్మెల్యే టికెట్ అంటున్నారు.

పొద్దున చేపలు పట్టే మల్లేశన్న వచ్చాడు. చెరువు అంచున ప్లాట్లు వేసే వెంచర్ వాళ్లు మట్టి పోస్తున్నారట. వరండాలో కూర్చున్న మా ఆయన్ని దాటుకుని నేరుగా నా దగ్గరికి వచ్చాడు.

"అక్కా, ఓటు నీకే ఏసినం. కౌన్సిలర్‌వు నువ్వే గదా, జర నువ్వొచ్చి ఆపు."

అంతే. మా ఆయన ఇనుప కుర్చీ ఎత్తి అతని తల మీద కొట్టాడు. "కౌన్సిలర్ ఎవడ్రా ఈడ? చెప్పు, ఎవడు?" కింద పడ్డాక కూడా ఆగలేదు. అడ్డం పోతే నా చెయ్యి మెలిపెట్టి గోడకేసి తోశాడు. గడప మీద రక్తం ఎంత కడిగినా పోలేదు.

మల్లేశన్న దవాఖానలో ఉన్నాడు, కన్ను తెరవలేదు. సాయంత్రం పోలీసాయన కాగితం తెచ్చాడు. తాగి మెట్ల మీద నుంచి పడ్డాడని రాసి ఉంది. మా ఆయన పెన్ను నా ముందు పెట్టాడు.

"సంతకం పెట్టు. కౌన్సిలర్‌వు నువ్వే గదా."

ఆ మాట ఆయన నోట వినడం ఇదే మొదటిసారి. రాసింది అడ్డంగా కొట్టేసి, కింద 'నా భర్త కొట్టాడు' అని రాసి సంతకం పెట్టాను.

పోలీసాయన వెళ్లిపోయాడు. నేను గదిలోకి వచ్చి గడియ పెట్టుకున్నాను. మా ఆయన తలుపు తంతున్నాడు. గడియ వంగుతోంది…