తేమ పడని గది

బాబాయికి,

మూడు దేశాలు తిరిగొచ్చి మీ కమిటీ రాసిన నివేదిక చదివాను. బ్యాటరీల కోసం ఒక దేశం గనులు కొనిపెట్టుకుందట, ఇంకో దేశం పదేళ్లపాటు పనివాళ్లకు శిక్షణ ఇప్పించిందట, మూడోది పన్నులు వదిలేసిందట. మనం వెనకబడింది మాత్రం నా ఫ్యాక్టరీలో ఇద్దరు కార్మికుల నిర్లక్ష్యం వల్లనట. వాళ్లను తీసేయమన్నారు.

బ్యాటరీలు తయారుచేసే గదికి మనిషి ఊపిరిలోని తేమ కూడా పడదు. మీరు మా ఫ్యాక్టరీ చూడటానికి వచ్చిన రోజు "ఇంతమంది వద్దండీ" అని తలుపు దగ్గర అడ్డం నిలబడింది ఆ ఇద్దరే. మీరు వాళ్లను పక్కకు నెట్టి, పరివారంతో లోపలికి వెళ్లి, దేశదేశాల వ్యూహాల మీద గంటసేపు ఉపన్యాసం దంచారు. గదిలో ఉన్న సరుకంతా పాడైంది.

వాళ్లను తీసేయను. ఆ మూడు దేశాల్లోనూ మీకు ఆ గదిని అద్దం బయటి నుంచే చూపించారట, పిన్ని చెప్పింది. ఆ ముక్క నివేదికలో రాయలేదేం?

మీ అన్నగారమ్మాయి