ఇమ్రాన్ మాంత్రికుడు

ఆదివారం, రాత్రి

ఇమ్రాన్ ఇయ్యాల కూడ ఆటకు రాలే. ఒక్కొక్కరు ఒక పాత్రయ్యి, డైస్ ఏస్కుంట కథ నడిపే ఆట మాది. మన్నెగూడల దుకాణం పెట్టిన సంది ఇబ్రహీంపట్నం దాక రానీకె తీరుతలేదంట. "ఆటల నా మాంత్రికుని డైస్ నువ్వే ఎయ్యి అన్నా" అన్నడు ఫోన్ల. మిగిలినోళ్లు ఎప్పుడో మానేసిన్రు.

పాత సాహసాల పుస్తకం తెరిచి, ఒక్కన్నే కూసోని అందరి ఆట నేనే ఆడిన. ఆఖరి గుహల డైస్ మీద ఒకటి పడ్డది. ఒకటంటే చావే. మాంత్రికుడు గుంతల పడి సచ్చిపోయిండు. కాలేజీ నుంచి ఇమ్రాన్ ఆడుతున్న పాత్ర అది. ఎట్ల చెప్పాలె అని మస్తు ఫికరైంది.

ఫోన్ చేసి చెప్తే నవ్విండు. "మంచిగైంది అన్నా, ఇగ నేను రాకున్నా నడుస్తది."

ఫోన్ పెట్టేసి డైస్ మళ్ల ఏసిన. బతికేదాంక ఏసిన. ఇప్పుడు మాంత్రికుడు గుహ బయట కూసోని ఉన్నడు. వాణ్ణి తోల్కపోనీకె ఎవ్వరు రారు.