చావింటికి వచ్చిన ఆట

గోదావరిఖని,
ఆదివారం, ఆరాధన నుంచి వచ్చాక

సంతోషీ,

ఇచ్చేవాళ్ళు అసలు ఎందుకు ఇస్తారే? ఎదుటి మనిషి కోసమా, ఇచ్చామన్న తృప్తి కోసమా? లాక్‌డౌన్‌లో నువ్వు నాకు మొదటి కంప్యూటర్ ఆట పంపిన నాటి నుంచి ఈ ప్రశ్న నాలో ఉంది. అడగడానికి మొహమాటపడ్డాను. ఇప్పుడు ఆ మొహమాటం లేదు.

ఈ కవరు చూసి నవ్వుకుంటావని తెలుసు. రెండు వేళ్లతో ఫోన్లో చెప్పే మాటకి పోస్టాఫీసు దాకా ఎందుకు పోయిందీ పిచ్చిది అనుకుంటావు. నీ కానుకలు ఒక్కటీ చేతికి తగలవు. నా కోపమైనా నీ చేతికి తగలాలని కాగితం మీద పెడుతున్నాను. చించెయ్యాలన్నా నీ చేతులు కదలాలి కదా.

ఆ రోజు ఏం జరిగిందో నీకు తెలియదు. నువ్వు లేవు కాబట్టి తెలియదు. అమ్మ పోయిన వారానికి, ప్రార్థన కోసం ఆదరణ కూడిక మా ఇంటి ముందే పెట్టాం. షామియానా కింద ప్లాస్టిక్ కుర్చీల్లో నాన్న షిఫ్టు వాళ్ళు కూర్చున్నారు, బతికి ఉన్నవాళ్ళు. పాటల కోసం మా చర్చి కుర్రాడు టోనీ నా లాప్‌టాప్‌ని పెద్ద స్పీకరుకు తగిలించాడు. పాస్టరుగారు కళ్ళు మూసుకుని, "మా సహోదరి మార్తమ్మను నీ సన్నిధికి..." అంటుండగా స్పీకర్లోంచి ఠింగుమని మోత. తర్వాత కోడిపిల్ల కూసినట్టు ఏదో సంగీతం. అందరూ కళ్ళు తెరిచారు. తెర మీద నెత్తికి లైటు కట్టుకున్న బొమ్మ మనిషి పలుగుతో బొగ్గు తవ్వుతున్నాడు. బొగ్గు ఊదారంగులో ఉంది. తవ్వినప్పుడల్లా నక్షత్రాలు రాలుతున్నాయి. పైన పెద్ద అక్షరాలతో, సంతోషి మీకు ఒక ఆటను కానుకగా పంపారు. కింద నీ సందేశం: "ఎంజాయ్, కెరో!"

ఎంజాయ్ చేశానే. చాలా చేశాను.

నాన్నతో కలిసి పాతికేళ్లు బొగ్గు నింపిన బుచ్చన్న కాక ముందు వరుసలోంచి మెడ చాచి చూశాడు. "ఏందది బిడ్డా, మన బాయేనా?" అన్నాడు. గనిని బాయి అనడం ఆయన ఇంకా మానలేదు, మనమూ మానలేదనుకో. టోనీ వైరు పీకుతున్నాడు, అది ఊడిరావడం లేదు. "గా లైటు గట్ల ఊగుతుంటె ఓవర్‌మెన్ సారు ఊకుంటడా?" అని కాక పక్కాయనతో అన్నాడు. ఎవరో నవ్వు ఆపుకోలేక దగ్గారు. అమ్మ ఫోటో ముందు, సంతోషీ.

కూడిక అయ్యాక టోనీ నన్ను వంటింట్లోకి తీసుకుపోయి నెమ్మదిగా చెప్పాడు. "అక్కా, అది సంతక్క పంపిన గేమ్. తీసుకుంట అని నొక్కితే నీదైతది. వద్దు అని నొక్కితే ఆమెకు వాపస్ పోతది."

"ఏదీ నొక్కకుంటే?"

"నెల చూస్తది. అటెన్క దానంతట అదే వాపస్ పోతది."

అంత మర్యాద తెలిసిన యంత్రమన్నమాట. మనుషుల కంటే నయం.

పుట్టినరోజు కానుక అంటావు. ఆ రోజు నా పుట్టినరోజేనని నాకు తెలుసు. అమ్మ పోయిందని నీకూ తెలుసు. ఫోన్లో చేతులు జోడించిన బొమ్మ ఒకటి, దీపం బొమ్మ ఒకటి పంపావు కదా. హైదరాబాదులో రైలెక్కితే ఇక్కడ దిగుతావు. అక్కడి నుంచి రెండు బొమ్మలు, ఆ పైన ఒక ఆట పంపావు. నీ కష్టం ఊహించగలను. ఎంత దూరం కదిలిందో ఆ వేలు!

నువ్వు అందరికీ ఇలాగే ఇస్తావు. వరంగల్ హాస్టల్లో మన గదిలో ఉన్న లిల్లీ విడాకులు తీసుకుంటే ఇల్లు కట్టే ఆట పంపావు. నేను పాఠాలు చెప్పే కాలేజీలో నన్ను పర్మనెంట్ చెయ్యలేదని ఏడిస్తే పంటలు పండించే ఆట పంపావు. ఏ కష్టానికి ఏ ఆటో నీ దగ్గర ఒక మందుల కొట్టే ఉంది. ధరలు పడిపోయినప్పుడు గంపగుత్తగా కొని పెట్టుకుని, ఎవరికి జ్వరం వస్తే వాళ్ళకో గోలీ. దాన్ని స్నేహమని నువ్వు అనుకుంటే అనుకో. వాటిని ఆడి, నీతో హెడ్‌సెట్లో కబుర్లు చెప్పి, నేనూ అదే అనుకున్నాను. ఆదివారం సాయంత్రాలు నాకు చాలా బాగుండేవి. ఆ మాట రాయకపోతే అబద్ధమవుతుంది కాబట్టి రాస్తున్నాను, నువ్వు మురిసిపోవడానికి కాదు.

నీ ఆట వచ్చినప్పుడల్లా నేను కొరియర్లో ఏదో ఒకటి పంపాను. మామిడికాయ తొక్కు, క్రిస్మస్ గరిజలు, అమ్మ కుట్టిన దిండు గలేబులు. "ఎందుకే ఇవన్నీ, గేమ్‌కు రిటర్న్ గిఫ్ట్ ఉండదు" అని నవ్వేదానివి. సెంటినరీ కాలనీ క్వార్టర్లలో పెరిగిన పిల్లవేనా నువ్వు? మా క్రిస్మస్ పళ్లెం మీ ఇంటికి వచ్చేది, మీ బతుకమ్మ మలీద ముద్దలు మా ఇంటికి వచ్చేవి. గిన్నె ఎప్పుడైనా ఉత్తగా వెనక్కి పోయిందా? ఏమీ లేకపోతే గుప్పెడు చక్కెరైనా పోసేవాళ్ళు. ఒక్క చావింటికి తెచ్చిన గిన్నెకే ఆ పద్ధతి లేదు. పొయ్యి వెలగని ఇంటికి అన్నం తెస్తారు, ఆ గిన్నె కడిగి ఉత్తగా ఇచ్చెయ్యాలి. చావున్న ఇంటి నుంచి ఏదీ బయటికి పోకూడదంటారు మన పెద్దవాళ్ళు.

ఇప్పుడు నువ్వే చెప్పు. ఈ బొగ్గు ఆట ఏ గిన్నె? పుట్టినరోజుదైతే, అమ్మను మట్టిలో పెట్టిన వారానికి సంబరం పంపినందుకు నీకు సిగ్గు లేదు. చావింటిదైతే, బాయిలో బతుకంతా గడిపి ఊపిరాడక పోయిన మా నాన్న యేసుదానం ఇంటికి నక్షత్రాల బొగ్గు పంపినందుకు నీకు బుద్ధి లేదు. రెండింట్లో ఒకటి ఎంచుకో. జవాబు రాకపోతే వద్దు అని నొక్కుతాను. అది నొక్కాక మన ఆదివారాలూ ఉండవు, మనమూ ఉండం. బెదిరింపు కాదు, నాకున్న ఓపిక అంతే.

కెరోలిన్

•

గోదావరిఖని,
శుక్రవారం

సంతోషీ,

ఫోన్లో అంతసేపు మాట్లాడాక మళ్ళీ ఉత్తరమేంటంటావు. ఫోన్లో నువ్వు మాట్లాడావు. నేను విన్నాను. విన్నది నిలబడుతుందో లేదో చూడాలంటే నాకు కాగితం కావాలి.

"ఏమే, ఉత్తరమా? మా వాచ్‌మెన్ కోర్టు నోటీసనుకొని ఉరికొచ్చిండు" అన్నావు ముందు.

"నవ్వకు."

"నవ్వుతలేనే. సగం చదివి కూసున్న." తర్వాత నేను అడగకుండానే చెప్పావు. "అది ఎండాకాలం సేల్‌ల కొన్న కెరో. నీ బర్త్‌డేకు పోయేటట్టు అప్పుడే డేట్ పెట్టిన. అప్పుడు ఆంటీ మంచిగనే ఉండె గద."

నిజం చెప్తున్నాను, అప్పుడు నా అసహ్యం ఇంకొంచెం పెరిగింది. కనీసం ఆ రోజు నన్ను తలుచుకుని పంపావనుకున్నాను. అదీ లేదు. కరెంటు బిల్లు కట్టినట్టు, ముందే తారీకు పెట్టి ఉంచావు. నువ్వు పోయినా అది వచ్చేది. నేను పోయినా వచ్చేది.

"అంటే మర్చిపోయినవ్" అన్నాను.

"లే. ముందురోజు యాదికొచ్చింది. తీసేద్దామనే తెరిచిన. తియ్యలే."

"ఎందుకే?"

"తీసేస్తె ఆ రోజు నీకు ఎవ్వలు ఏం ఇయ్యరు గద. ఆంటీ ఉంటె సేమ్యా చేస్తుండె."

నేను పెళ్లి చేసుకోని మనిషిని, అమ్మ తప్ప ఎవరూ లేని మనిషిని అని గుర్తుచేసినందుకు థాంక్స్. ఆ మాట అన్నప్పుడు నీ గొంతు మామూలుగా లేదు. నీ గొంతు అలా మారడం నేను ముందూ విన్నాను, ఇంటర్వ్యూల్లో అబద్ధం చెప్పి వచ్చి మాకు చేసి చూపించేదానివి.

ఎందుకు రాలేదని అడిగితే ఆఫీసులో సాఫ్ట్‌వేర్ రిలీజ్ ఉండె అన్నావు. తర్వాత, ఆంటీని అట్ల చూడలేను అన్నావు. చూడలేకపోవడం ఒక పెద్ద గుణమైనట్టు చెప్పావే! నేను చూశాను. ముఖం కడిగి, తల దువ్వి, తెల్లచీర కట్టాను. నా కళ్ళేమైనా ఇనుముతో చేశారా?

చివర్లో నువ్వన్న మాట మాత్రం నన్ను వదలడం లేదు. "అది ఇద్దరాడే గేమ్ కెరో. చిన్నప్పుడు బాయిల దిగుదామని ఎంత ఏడ్చినమే."

ఏడ్చాం. ఆడవాళ్ళు దిగకూడదంటే మీ నాన్న ఆగయ్య టోపీ నువ్వూ, మా నాన్న టోపీ నేనూ పెట్టుకుని రెండో షిఫ్టు వాళ్ళ వెనకాల గేటు దాకా పోయాం. టోపీలు ముక్కుల మీదికి జారి దారి కనపడలేదు. అమ్మ వచ్చి ఇద్దరి చెవులూ పట్టుకుని కాలనీ అంతా చూసేట్టు ఈడ్చుకుపోయింది. "దిగేటోళ్లు దిగుతుండ్రు, సాలదా? మీరు గూడ దిగాల్నా? చదువుకోన్రి" అంటూ. నీ చెవి ఎక్కువ మెలిపెట్టిందని ఎన్నో రోజులు చెప్పుకున్నావు. అది తలుచుకునే ఈ ఆట కొన్నావంటే నమ్మగలను. కొన్నది నమ్ముతాను. ఉంచింది నమ్మలేకపోతున్నాను.

నిన్న మీ అమ్మ, సారవ్వ పెద్దమ్మ వచ్చింది. క్వార్టర్లు ఖాళీ చేశాక మన నాన్నలు పక్కపక్కన ఇళ్ళు కట్టడం ఎంత మంచిదైందో అమ్మ పోయాకే నాకు తెలిసింది. మా పొయ్యి వెలగని రోజులన్నీ పెద్దమ్మే అన్నం, పప్పుచారు మోసుకొచ్చింది. ఆ క్యారేజీ ఇన్నాళ్ళూ మా ఇంట్లోనే ఉండిపోయింది. కడిగి, తుడిచి, చేతికిస్తే మూత తీసి చూసింది. లోపల చక్కెర. ఎప్పుడు పోశానో నాకే తెలియదు. చేతులకు అలవాటు, అవే పోశాయి.

"ఇదేంది బిడ్డా, చదువుకున్నదానివి! చావింటి గిన్నెల చక్కెర పోస్తరా?"

"చూసుకోలేదు పెద్దమ్మా. ఇటియ్యి, తీసేస్త."

"ఆగు." గడప దాటకుండా అక్కడే కూలబడి, ఒక చిటికెడు నోట్లో వేసుకుంది. మిగతాది నా డబ్బాలో గుమ్మరించింది. "నేను ఈడ తిన్న. ఇంట్లది ఇంట్లనే ఉన్నది. అయిపాయె" అంది.

అప్పుడు నాకో ఆశ పుట్టింది. ఏ సినిమాలో అయినా ఇక్కడ ఏమవుతుందో నీకు తెలుసు. అన్నం తెమ్మని నీకు సంతోషి చెప్పిందా పెద్దమ్మా అని అడిగాను. చెప్పిందంటే నిన్ను క్షమించడానికి తయారుగా ఉన్నాను.

"అది చెప్పుడేంది? నాకు తెల్వదా?" అని మీ అమ్మ ఉరిమి చూసింది. "దానికి ఆకలి ముచ్చట ఏం ఎర్క? నాకు గూడ పంపింది ఒక ఆట. రంగురంగుల గోలీలు పేల్చుడు. ఎన్ని పేల్చినా మళ్ల మీదికెల్లి వస్తయ్, సిగ్గు లేనియ్."

"మరి తీసెయ్యకపోయినవా?"

"పొద్దుగూకితె ఆడుత."

"ఎందుకు?"

"ఏమో బిడ్డా. అది పంపింది గద."

ఇంటికి పోతూ గేటు దగ్గర ఆగి, ఆ ఆటలో తాను ఎక్కడ ఇరుక్కుందో చూపించమని ఫోను ఇచ్చింది. నాకూ రాలేదు. ఇద్దరం నిలబడి కాసేపు నిన్ను తిట్టాం. నీకు ఎక్కిళ్ళు వచ్చి ఉంటాయి.

ఈ ఆటలంటే నాకున్న చులకన పోలేదు సంతోషీ, పోతుందనీ అనుకోను. వేలితో ఇచ్చేది వేలంత దగ్గరే ఆగిపోతుందని నా అనుమానం. అన్నం మోసుకొచ్చిన మనిషికి, తారీకు పెట్టి ఉంచిన మనిషికి ఒకే కుర్చీ వెయ్యలేను. కానీ నువ్వు చెప్పింది నిజమైతే, ముందురోజు దాన్ని తెరిచి, తీసెయ్యబోయి, నా పుట్టినరోజు ఉత్తదవుతుందని ఉంచావంటే, అది కూడా ఒక రకంగా గిన్నె పట్టుకుని మా గుమ్మం దాకా రావడమే. అబద్ధమైతే, మరిచిపోయి, నా ఉత్తరం చదివాక ఆ కథ కట్టావంటే, అమ్మ సేమ్యాను కూడా వాడుకున్నావన్నమాట. నువ్వు రెండూ చెయ్యగలవు. ముప్పై ఏళ్లుగా చూస్తున్నాను, రెండూ చేశావు.

రేపటితో గడువు అయిపోతుందని టోనీ చెప్పాడు. లాప్‌టాప్ నా ఎదురుగానే తెరిచి ఉంది. ఆ బొమ్మ మనిషి ఇంకా తవ్వుతూనే ఉన్నాడు, అలసట లేనివాడు. వాడి పక్కన ఇంకొకరికి చోటు ఖాళీగా ఉంది. కింద రెండు మీటలే ఉన్నాయి. తీసుకుంట, వద్దు. కడిగి ఉత్తగా ఇచ్చెయ్యడానికి మీట లేదు.

ఈ ఉత్తరం నీ వాచ్‌మెన్ చేతికి వచ్చేసరికి గడువు దాటి ఉంటుంది. నేనేం చేశానో నీకు ముందే తెలిసిపోయి ఉంటుంది. ఇది రాస్తున్న నాకు మాత్రం ఇంకా తెలియదు. నువ్వు మరిచిపోయావా, కావాలనే ఉంచావా, అదీ తెలియదు. ఎంత ఆలోచించినా తేలడం లేదు.

నీ
కెరోలిన్