ఎనిమిదో వీధిలో నీ మనవరాలు

మయామి,
2024 మార్చి 9, శనివారం.

మిగ్దాలియాకు,

ఏమని సంబోధించాలో తేలక మూడు కాగితాలు పాడుచేశాను. చివరికి పేరుతోనే మొదలుపెట్టాను. రాస్తున్నది ఎనెయిదా. మోకాళ్ళు తప్ప తక్కిన నేనంతా కులాసా. నువ్వూ, నీ ఇంటిల్లిపాదీ చల్లగా ఉన్నారని ఈమధ్యే నమ్మకమైన మనిషి నోట విన్నాను. ఆ మనిషి ఎవరో చెప్పడానికే ఈ ఉత్తరం.

చేతిరాత చూడగానే చింపెయ్యకు. ఫోనే చేద్దామనుకున్నాను గాని, నా గొంతు వినగానే నువ్వు పెట్టేస్తే మళ్ళీ చేసే ధైర్యం నాకు ఉండదు. ఉత్తరమైతే మూలకు విసిరికొట్టినా కాసేపటికి వెళ్ళి తెచ్చుకుని చదువుతావు. నీ సంగతి నాకు తెలియదా. పోస్టును నమ్మలేక మా కింది వాటాలో ఉండే అమెలియా చేతికిచ్చి పంపుతున్నాను. వాళ్ళ అన్నకు మందులు పట్టుకుని మన ఊరు సాగ్వా వస్తోంది. నీకు నొప్పి మాత్రలు, కాఫీపొడి, నాలుగు సబ్బులు పెట్టాను. ఉత్తరం నచ్చకపోయినా అవి వాడుకో.

ముందు నా సంగతులు. ఇక్కడ కుట్టు ఫ్యాక్టరీలో ఇరవై తొమ్మిదేళ్ళు మగవాళ్ళ చొక్కాలకు కాలర్లు కుట్టాను. పెళ్ళి చేసుకున్నాను. ఆయన పేరు ఓస్వాల్దో, మన దేశపువాడే, కామగ్వే మనిషి. కోపిష్ఠి, కాని వంట నాకంటే బాగా చేసేవాడు. పోయి ఆరేళ్ళయింది. పిల్లలు లేరు. ఎనిమిదో వీధి వెనక సందులో మేడ మీద ఒక గదీ, వంటిల్లూ, బట్టలారేసుకునేంత బాల్కనీ, ఇదీ నా రాజ్యం.

ఇప్పుడు మా వీధిని జనం టిక్కెట్టు కొనుక్కుని చూస్తున్నారంటే నమ్ముతావా? మడిచిన గొడుగు ఒకటి పైకెత్తి పట్టుకుని ఎవరో ఒకరు ముందు నడుస్తారు, వెనక పదిమంది. మావాళ్ళు డామినోలాడే పార్కు, మేం కాఫీ తాగే కిటికీ, పేవ్‌మెంటు మీద తిరిగే కోళ్ళు, అన్నీ ఫోటోలు తీసుకుంటారు. ఒకరోజు నేను లోపావడా ఆరేస్తుంటే నన్నూ తీశారు. ఓస్వాల్దో ఉండుంటే బకెట్టు నీళ్ళు గుమ్మరించేవాడు. నేను నవ్వుకుని ఊరుకున్నాను.

ఫిబ్రవరిలో ఒక పొద్దున కాఫీ కిటికీ దగ్గర నిలబడ్డాను. పక్కన ఆ గొడుగు పిల్లల్లో ఒకతి, తన గుంపు కోసం ఎదురుచూస్తోంది. కాఫీ పోసే ఆవిడతో అంటోంది, "పంచదార ఇంకాస్త వెయ్యండి అక్కా. మా అమ్మమ్మ చేతి కాఫీలో చెంచా నిలబడాలి." ఆ మాట కాదు నన్ను పట్టుకున్నది, ఆ గొంతు. ఇరవై ఏళ్ళ వయసులో నదిగట్టు మీద నువ్వు నన్ను కేకేసిన గొంతు.

"ఏ ఊరమ్మా మీది?" అన్నాను.

"సాగ్వా లా గ్రాందే. మా ఊళ్ళో టీచరు మిగ్దాలియా ఇల్లేదంటే ఎవరైనా చూపిస్తారు. ఆవిడ మనవరాల్ని, లిసాంద్రా. మీది?"

నా నోట్లోంచి సాంతా క్లారా అని అబద్ధం వచ్చేసింది. కాఫీ సగంలో వదిలేసి ఇంటికి వచ్చి, చెప్పులు విప్పకుండా మంచం మీద కూర్చున్నాను. ఆ వారమంతా ఏ పని మీదా మనసు నిలవలేదు. శనివారం ఆ పిల్ల నడిపే గుంపులో నాకూ ఒక టిక్కెట్టు కొన్నాను. పేరు రోసా అని రాయించాను.

ఓస్వాల్దో గడ్డిటోపీ పెట్టుకుని, నల్లకళ్ళద్దాలు తగిలించుకుని వెళ్ళాను. ఒహాయో నుంచి వచ్చిన మొగుడూ పెళ్ళాలు, ఒక జర్మన్ కుర్రాడు, ఇంకో నలుగురు, నేను. నేను రోజూ రొట్టె కొనే కొట్టు ముందు నిలబెట్టి ఆ కొట్టు కథ చెబుతుంటే, కొట్టువాడు నన్ను చూసి నోరు తెరిచాడు. కళ్ళద్దాలు కిందికి దించి ఒక చూపు చూశాను. మూసుకున్నాడు.

నీ మనవరాలు బాగా చెబుతుందే. ఇంగ్లీషు ఇంకా కుంటుతూనే ఉంది, అయినా ఎవర్నీ కదలనివ్వదు. కొన్ని తప్పులు చెప్పింది. చుట్టల దుకాణం పెట్టి అరవై ఏళ్ళయిందంది, నా కళ్ళముందు పెట్టినదే అది. జామపండు ముద్ద కూరిన బిళ్ళలు తినిపించి ఇవి హవానా రుచి అంది. హవానా వాళ్ళకు జామ ముద్ద పాకం పట్టడం ఎప్పుడొచ్చిందే? మాట నోటిదాకా వచ్చినా మింగేశాను. చేతులు తిప్పడం నీదే. ప్రశ్న అడిగి, జవాబు రాకముందే తల పక్కకు వంచడం నీదే. చెప్పేది సగం వినేదాన్ని, సగం చూసేదాన్ని.

డామినో పార్కులోకి వెళ్ళేసరికి గండం వచ్చింది. అక్కడ ఎవేలియో అని ఒక ముసలాయన ఉన్నాడు, ఓస్వాల్దోతో పాతికేళ్ళు ఆడినవాడు. గుంపులో నన్ను చూసి ముక్కలు బల్లమీద పడేశాడు.

"ఏమిటీ ఎనెయిదా, నలభైనాలుగేళ్ళు ఈ వీధిలో తిరిగి ఇప్పుడు దారి తప్పావా? చెయ్యి పట్టుకుని నడిపించడానికి మనిషిని పెట్టుకున్నావే."

బల్లల చుట్టూ అందరూ నవ్వారు. లిసాంద్రా నావైపు ఒక్కసారి చూసింది. గొడుగు పైకెత్తి, "రండి, ఇంకొక్కటే ఉంది" అంది.

ఆ ఒక్కటీ పడవల బొమ్మ వేసిన గోడ. ఎనభైలో దేశం వదిలి మరియెల్ రేవు నుంచి మేమంతా వచ్చిన పడవలు. ఒహాయో ఆవిడ అడిగింది, అన్ని వేలమంది అలా ఎలా వదిలి వచ్చేశారు, ఊళ్ళో వాళ్ళు ఏమీ అనలేదా అని. లిసాంద్రా పైకెత్తిన గొడుగు కిందికి దించింది. తర్వాత చెప్పింది. ఆమె చెప్పినట్టే నీకు రాస్తున్నాను.

"అనకపోవడమేం. ప్రభుత్వం వాళ్ళు వెళ్ళేవాళ్ళ ఇళ్ళ ముందుకు జనాన్ని తోలేవారు. తిట్టించేవారు, గుడ్లు కొట్టించేవారు. మా ఊళ్ళో బడివాళ్ళందర్నీ నడిపించుకుని వెళ్ళారు. మా అమ్మమ్మకు అప్పుడు పాతికేళ్ళు, కొత్త ఉద్యోగం. ఎవరింటికి తీసుకెళుతున్నారో సందు మలుపు తిరిగేదాకా తెలియలేదట. అది ఆమె ప్రాణస్నేహితురాలి ఇల్లు. చేతిలో గుడ్డు పెట్టారు. కళ్ళు మూసుకుని విసిరింది."

జర్మన్ కుర్రాడు, "తగిలిందా?" అన్నాడు.

"ఆవిడకు తెలియదు. కళ్ళు తెరిచి చూడకుండా వెనక్కి తిరిగి పరిగెత్తిందట. ఏడాదికి ఇక్కడినుంచి ఉత్తరం వచ్చింది. నీ గుడ్డు మా అమ్మ నుదుటి మీద పగిలింది, ఈనాటితో నువ్వు నాకు చచ్చినదానితో సమానం అని."

"పాపం, మీ అమ్మమ్మ ఏం చేసింది?" ఒహాయో ఆవిడ అడిగింది.

"ఏం చేస్తుంది? ఆ తల్లి ఒంటరిగా ఊళ్ళోనే ఉండిపోయింది. ఉత్తరం వచ్చిన మర్నాటి నుంచి రోజూ బడి అయ్యాక గిన్నెలో సూపు పట్టుకెళ్ళేది. మొదటి నెలంతా ముసలావిడ తలుపు తియ్యలేదు. గడప మీద పెట్టి వచ్చేసేది, మర్నాడు ఖాళీ గిన్నె గడప మీదే ఉండేది. తర్వాత తలుపు తీసింది. ఆవిడ పోయేదాకా, రెండేళ్ళ పైచిలుకు. కళ్ళు మూసింది కూడా మా అమ్మమ్మ చేతిలోనే."

మిగ్దాలియా, అమ్మ నాకు రాసిన ఉత్తరాల్లో ఒక మాట ఉండేది: బడి నుంచి ఒక అమ్మాయి వచ్చి సూపు ఇచ్చిపోతోంది, నా గురించి బెంగపెట్టుకోకు అని. ప్రభుత్వం వాళ్ళు ఎవరినో పంపుతున్నారనుకున్నాను. పేరేమిటని ఒక్కసారి కూడా అడగలేదు. అమ్మా చెప్పలేదు. చెబితే నేను కాగితం చింపేస్తానని తెలిసే చెప్పలేదేమో.

గోడకు ఆనుకుని నిలబడ్డాను. నల్లకళ్ళద్దాలు ఆరోజు అక్కరకొచ్చాయి.

గుంపు చెదిరిపోయింది. ఆ పిల్ల రెండు కప్పుల కాఫీ తెచ్చి, ఒకటి నా చేతిలో పెట్టి పక్కన కూర్చుంది.

"మీ పేరు రోసా కాదు కదా?" అంది.

"కాదు."

"సాంతా క్లారా కూడా కాదు."

"కాదమ్మా."

"ఆ తాత పిలవగానే అర్థమైంది. ఈ గోడ దగ్గర రోజూ వేరే కథ చెబుతాను. ఈ కథ ఎవరికీ చెప్పలేదు. ఇవాళ మీరు వినాలని చెప్పాను. కోపమొస్తే లేచి వెళ్ళిపోండి, నేనేమీ అనుకోను."

నేను లేవలేదు. ఆమె ఇచ్చిన కాఫీ తాగాను. తర్వాత ఆమె చెప్పులు చూశాను. ఎడమకాలిది మడమ దగ్గర విచ్చిపోయి ఉంది. రోజుకు మూడుసార్లు ఆ చెప్పులతో ఈ వీధంతా నడుస్తోంది. "లే, ఇంటికి పద, సూది దారం ఉన్నాయి" అన్నాను. చెప్పు కుట్టేలోగా నా నల్లచిక్కుళ్ళ కూర గిన్నెడూ ఖాళీ చేసింది. ఉప్పు తక్కువైంది అంది. నీ మనవరాలే, అనుమానం లేదు.

ఇప్పటికి మూడు ఆదివారాలు వచ్చింది. విమానంలో నికరాగువా దాకా వచ్చి, అక్కడినుంచి ఇక్కడికి ఎలా నడిచి వచ్చిందో, అడవిలో జ్వరం ఎలా తగిలిందో నాకు చెప్పింది. నీకు అందులో సగమే చెప్పిందట, మిగతా సగం నేనూ చెప్పను. తనలాంటి మరో నలుగురు ఆడపిల్లలతో కలిసి ఒక గదిలో ఉంటోంది. నా గదిలో రెండో మంచం పడుతుందా లేదా అని నిన్న టేపు పెట్టి కొలిచాను. కుట్టుమిషను బాల్కనీలోకి జరిపితే పడుతుంది. నువ్వు ఊఁ అంటే వచ్చేవారం తెచ్చేసుకుంటాను. నువ్వు వద్దంటే మాత్రం అడగను, ఆ హక్కు నాకు లేదు.

పాతది నేనెప్పుడో మరిచిపోయాను మిగ్దాలియా. మనసులో ఏమీ లేదు. నిన్ను క్షమించాను. మా అమ్మకు నువ్వు చేసినదానికి నీ రుణం ఈ జన్మలో తీరదు.

ఈ నెలాఖరున ఈస్టరు ఆదివారం మధ్యాహ్నం లిసాంద్రా నీకు ఫోను చేసేటప్పుడు పక్కన నేను కూర్చుని ఉంటాను. కరెంటు పోకుండా ఉంటే ముఖం కూడా చూసుకోవచ్చట. ముసలిదాన్నయ్యానని నవ్వకు, నీ పళ్ళ సంగతి కూడా నీ మనవరాలు చెప్పింది.

ఎప్పటికీ నీ మేలు కోరే
ఎనెయిదా

తా.క.: కవరు అంటించబోయి మళ్ళీ విప్పాను. అమెలియా కింద తొందర పెడుతోంది, అయినా ఇది రాయకుండా ఇవ్వలేను.

నిన్ను క్షమించానని పైన రాశాను చూడు, అది కొట్టెయ్యి. క్షమించడానికి ఏమీ లేదు. ఆరోజు నేను కిటికీ చెక్కల సందులోంచి అంతా చూశాను. జనాన్ని వెళ్ళిపొమ్మనడానికి అమ్మ గడపలోకి వచ్చి నిలబడింది. ఆవిడ నుదుటికి తగిలింది నీ వెనక నిలబడ్డ మగమనిషి విసిరినది. అతని పేరు కూడా నాకు తెలియదు. నువ్వు కళ్ళు గట్టిగా మూసుకుని, చిన్నపిల్లలా పక్కకు విసిరావు. అది మా గోడ దాకా కూడా రాలేదు. నడివీధిలో పడి పగిలింది. కుక్క వచ్చి నాకిపోయింది.

అన్నీ చూసి, ఏడాది తర్వాత కూర్చుని, తెలిసి తెలిసి ఆ ఉత్తరం రాశాను. అమ్మను ఒంటరిగా వదిలేసి పడవెక్కిన కూతురు నేనే అన్న మాట నన్ను ఊపిరి తీసుకోనివ్వలేదు. ఎవరో ఒకరి మీద కోపం పెంచుకుంటే తప్ప లేచి పనికి పోలేకపోయాను. ముక్కూ మొహం తెలియనివాడి మీద కోపం ఎన్నాళ్ళు నిలుస్తుంది? నీ మీదైతే నిలుస్తుందని నిన్ను ఎంచుకున్నాను. నలభైమూడేళ్ళు నువ్వు మోసినది నేను నెత్తిన పెట్టిన అబద్ధం.

లిసాంద్రాకు ఇది ఇంకా చెప్పలేదు. ముందు వినవలసింది నువ్వు. చదివాక ఈస్టరు నాడు ఫోను ఎత్తకపోయినా నాకు అర్థమవుతుంది. ఎత్తినా, ఎత్తకపోయినా, ఇది మాత్రం నమ్ము. నీ గుడ్డు ఎవరికీ తగలలేదు.