ఎడమ చెంప

జూన్ 12, దమ్మపేట
స్కిట్‌లో చాయ్ తాగే చోట ఎడమ పెదవి మూల నుంచి చాయ్ కారింది. అందులో నేను బస్టాండు విచారణ కౌంటరులో ఉలకని పలకని ఉద్యోగినిని. యాదగిరేమో చర్ల ఊరికి వెళ్లే బస్సు కోసం బతిమాలే ప్రయాణికుడు. జనం పడిపడి నవ్వారు. “గిది మస్తుందక్కా, రోజూ గిట్లనే కార్చు” అన్నాడు, వేదిక దిగాక.
నేను కార్చలేదు.

జూన్ 13
పుక్కిలిస్తే నీళ్లు నిలవడం లేదు. ఎడమ కన్ను మూతపడడం లేదు. ఖమ్మం వెళ్లాలి.

జూన్ 14
ముఖ నరం వాచిందట. చాలామందికి తిరిగి వస్తుందన్నారు డాక్టరు. అందరికీ అనలేదు...
ఫిజియోథెరపీ అమ్మాయి అద్దం ముందు కూర్చోబెట్టి నవ్వమంది. మళ్లీ నవ్వమంది.
“నవ్వుతూనే ఉన్నానమ్మా.”
తనే నవ్వేసింది, పాపం. తర్వాత నొచ్చుకుంది. ఫరవాలేదన్నాను.

జూన్ 22
యాదగిరి సత్తుపల్లి గనిలో డ్యూటీ దిగి నేరుగా వచ్చాడు. మధిర ప్రదర్శన మానొద్దంటాడు. “నీ మొఖం ఎట్లైనా కదలదు గదక్కా. ఎవలికి తెలుస్తది?”
నాకు తెలుస్తుంది. కదలని ముఖం వేరు, కదలనివ్వని ముఖం వేరు. ఇన్నేళ్లలో వేదిక మీద ఒక్కసారీ నవ్వలేదు — లోపల నవ్వు లేక కాదు. దాన్ని పట్టి ఉంచడమే నా పని. ఇప్పుడు ఎడమవైపు పట్టి ఉంచడానికి ఏమీ లేదు.
రానన్నాను.

జులై 3
మధిరలో నా కుర్చీలో తన బామ్మర్దిని కూర్చోబెట్టాడట. అతను బొమ్మలా కదలకుండా కూర్చున్నాడట. ఎవరూ నవ్వలేదట. ఇదంతా ఫోనులో చెప్పాడు యాదగిరి.
“నువ్వు ఊకె కూసుంటవనుకున్న అక్కా, గిన్నేండ్లు.”
గర్వంగా ఉంది. పేజీ దగ్గర దాపరికమెందుకు.
సాయంత్రం ఆ బామ్మర్దికి ఫోన్ చేశాను. దిగులు పడుతున్నాడు. నవ్వు వచ్చే ముందు ఊపిరి ఎక్కడ నిలపాలో చెప్పాను.

జులై 19
కన్ను మూతపడింది. పూర్తిగా.

ఆగస్టు 2
ఈల వేశాను. గాలే ఎక్కువ... అయినా ఈలే.
భద్రాచలం ప్రదర్శనకు ఒప్పుకున్నాను.

ఆగస్టు 17, తిరుగు బస్సులో
హాలు నిండింది. “చర్ల బస్సు ఉన్నదా?” అన్నాడు యాదగిరి. ఉన్నది, అన్నాను. “ఏడున్నది?” చర్లల.
ముందు వరుసలో ఖాకీ చొక్కాతోనే వచ్చిన కండక్టరు ఒకాయన నవ్వలేక దగ్గుతున్నాడు. ఆయన్ను చూశాను. చూడకుండా ఉండాల్సింది. లోపల నుంచి తన్నుకొచ్చింది — ఎడమ చెంప వణికింది. ఎడమదే. ఎన్నాళ్లకో ఆపవలసిన పని పడింది దానితో.
ఆపాను. ఆగిందనే అనుకుంటున్నాను.
వేదిక మీద యాదగిరి నా ఎదురుగానే ఉన్నాడు, చూసే ఉంటాడు. ఆగిందా అని ఇప్పుడు పక్క సీట్లో ఉన్న అతన్ని అడిగాను. కిటికీ వైపు తిరిగి కూర్చున్నాడు. భుజాలు మాత్రం కదులుతున్నాయి...