అల్లం కషాయం పారబోశాను

ఇంట్లో వెలసిన ధన్వంతరి గారికి,

స్టవ్ మీద అన్నం ఉంది. గుండె మాత్ర మానకండి. పన్ను నొప్పెడితే, తిన్నాక, డాక్టరు మార్చి రాసిన బిళ్ళ మంచినీళ్లతో వేసుకోండి. కాఫీపొడి డబ్బా నాతో షాపుకి తీసుకెళ్తున్నాను, వెతక్కండి. మీ అల్లం కషాయం సింకులో పారబోశాను.

నెత్తురు పలచబరిచే గుండె మాత్ర రోజూ వేసుకునేది చాలదన్నట్టు పరగడుపున నొప్పి బిళ్ళ, దాని మీద చిక్కటి కాఫీ, ఆపైన టైలరు స్నేహితుడిచ్చిన కషాయం! "అల్లమే కదే, ఏం చేస్తుంది?" అన్నారు. నిన్న ముక్కులోంచి కారిన నెత్తురు గంటసేపు ఆగలేదు. ఆ రెండు మాత్రలూ కలిస్తేనే ప్రమాదమని, కషాయం వాటికి తోడైందని, కాఫీ కడుపు మంటని పెంచిందని డాక్టరు చెబుతుంటే, ఎండ వేడికే కారిందని మీరు ఆయనకే పాఠం చెప్పారు. పదిహేనేళ్లుగా మందుల షాపులో నా మాట అందరూ వింటున్నారు. ఇంట్లో దానికి పూచికపుల్ల విలువ లేదు.

ఇకమీదట ఏ బిళ్ళ మింగాలన్నా ముందు షాపుకి ఫోన్ చేయండి.

ఇంకోటి. నిన్న ఆసుపత్రి దారిలో నా కంట్లో దుమ్ము పడలేదు. మీకు అబద్ధం చెప్పాను.